లిక్టెన్‌స్టయిన్ ఎన్నికలో ఆ 42 ఎవరివి?

సంపాదకులకు,

స్విట్జర్లాండుకూ ఆస్ట్రియాకూ నడుమ ఇరుక్కున్న లిక్టెన్‌స్టయిన్ పార్లమెంటు ఎన్నికల గురించి మీ పత్రిక ఆదివారం పేజీలో వచ్చిన వ్యాసంలో రెండు పొరపాట్లు దొర్లాయి. 2021లో అక్కడ 42 మంది ఓటర్లు ప్రధాని ఎవరో తేల్చేశారని రాయడం ఒకటి. చిన్న ప్రాంతానికి కోటా ఇచ్చిన దేశమని రాయడం రెండోది. మొదటిది లెక్కలో తప్పు, దిద్దుకుంటే సరిపోతుంది. రెండోదానితోనే చిక్కు. పర్లాకిమిడిలోనూ బరంపురంలోనూ దాన్ని పట్టుకుని, ‘అక్కడ తక్కువ మంది ఉన్న వైపుకు 10 సీట్లు రాసిచ్చారు, ఒడిశాలో తెలుగువాళ్లకూ అలాగే రాసివ్వాలి’ అని వాదించేవాళ్లు బయల్దేరారు. ఆ దేశపు ఎన్నికల పద్ధతి ఈ వాదానికి సాక్ష్యం పలకదు. అందులో మనం నేర్చుకోదగ్గది వేరే ఉంది. మీ వ్యాసం దాని జోలికే పోలేదు.

ముందు కొలతలు చూద్దాం. 160 చదరపు కిలోమీటర్ల నేల, 11 గ్రామాలు, ఇంచుమించు 40 వేల జనాభా. మా పర్లాకిమిడి పట్టణానికే 2011 జనగణనలో 46 వేల పైచిలుకు ఉంది. అక్కడి జనంలో మూడో వంతు విదేశీ పౌరులు. వాళ్లూ పిల్లలూ పోగా ఓటర్లు 20 వేల పైచిలుకు మిగులుతారు. పార్లమెంటును లాంట్‌టాగ్ అంటారు. సభ్యులు 25 మంది, గడువు నాలుగేళ్లు. నియోజకవర్గాలు రెండే. దక్షిణాన ఓబర్‌లాండ్‌కు 15 సీట్లు, ఉత్తరాన ఉంటర్‌లాండ్‌కు 10. రాజుగారు ఇంకా ఉన్నారు. ఆయన ఆమోదం లేనిదే సభ చేసిన చట్టం అమల్లోకి రాదు. 2004 నుంచి ఆయన తరఫున కొడుకు ఆలోయిస్ ఆ పని చూస్తున్నారు. అది వేరే చర్చ, ఇక్కడ వద్దు.

అసలు విషయమంతా బ్యాలెట్ కాగితంలో ఉంది. ప్రతి పార్టీ జాబితా విడి కాగితంగా అచ్చయి ఓటరు ఇంటికి వస్తుంది. ఓబర్‌లాండ్ కాగితం మీద 15 వరుసలు, ఉంటర్‌లాండ్ కాగితం మీద 10. ఓటరు వాటిలో ఒక్కదాన్ని ఎంచుకోవాలి. ఉన్నదున్నట్టు కవరులో పెట్టి అంటించేయొచ్చు. లేదంటే కలం తీసుకుని గిట్టని పేరు కొట్టేయొచ్చు, దాని బదులు మరో పార్టీ అభ్యర్థి పేరు సొంత చేత్తో రాయొచ్చు. ఎవరినైనా ఒక్కసారే రాయాలి. ఇష్టమైన మనిషి పేరు మూడు వరుసల్లో రాసినంత మాత్రాన మూడు ఓట్లు పడవు. రాసే పేరు తన నియోజకవర్గం అభ్యర్థిదే అయివుండాలి.

లెక్కింపులో ఓబర్‌లాండ్ కాగితం ఒక్కోటీ 15 ఓట్ల కింద జమ, ఉంటర్‌లాండ్ కాగితం 10 ఓట్ల కింద జమ. ఒక్కో వరుస ఒక్కో ఓటు. అచ్చులో ఉన్న పేరు అలాగే ఉంటే ఆ ఓటు ఆ అభ్యర్థి ఖాతాలోనూ అతని పార్టీ ఖాతాలోనూ పడుతుంది. వేరే పార్టీ పేరు రాస్తే ఆ ఒక్క వరుస ఆ పార్టీకి వెళ్తుంది. ఖాళీగా వదిలిన వరుస కాగితం తలమీద ఏ పార్టీ పేరుంటే ఆ పార్టీకే. ఉదాహరణకు ఓబర్‌లాండ్ ఓటరు ఒకాయన తన పార్టీ జాబితాలో నాలుగు పేర్లు కొట్టేసి, రెండు చోట్ల ఒక పార్టీవాళ్లనీ ఒక చోట ఇంకో పార్టీ మనిషినీ రాసి, నాలుగో చోటు ఖాళీగా ఉంచాడనుకుందాం. సొంత పార్టీకి 12, మిగతా రెండు పార్టీలకు 2, 1. మొత్తం 15. ఆ 12లో 11 పేర్లవి, ఒకటి ఖాళీ వరుసది. అంటే పేరు కొట్టేస్తే దెబ్బ అభ్యర్థికే తప్ప పార్టీకి తగలదు. పార్టీకి బుద్ధి చెప్పాలనుకుని నాలుగు పేర్లు కొట్టేసి ఊరుకున్న ఓటరు ఆ పార్టీ సీట్ల లెక్కను వెంట్రుకవాసి కూడా కదపలేడు.

ఇప్పుడు 2021కి వద్దాం. పేట్రియాటిక్ యూనియన్‌కూ ప్రోగ్రెసివ్ సిటిజన్స్ పార్టీకీ చెరి 10 సీట్లు వచ్చాయి. ఓట్లలో పేట్రియాటిక్ యూనియన్ 42 ముందుంది. ఆ 42 మనుషులు కారు, వరుసలు. దేశం మొత్తమ్మీద పోలైన రెండు లక్షల పైచిలుకు వరుసల్లో 42 అన్నమాట. ఓబర్‌లాండ్‌లో ఒక ఓటరు ఒక పార్టీ కాగితం మానేసి రెండో పార్టీ కాగితం పెడితే ఒకవైపు 15 తగ్గి రెండోవైపు 15 పెరుగుతాయి, తేడా 30 కదులుతుంది. ఇద్దరు అలా మారితే 60. కాబట్టి ఆధిక్యం తారుమారు కావడానికి 42 మంది అక్కర్లేదు, ఓబర్‌లాండ్‌లో ఇద్దరు చాలు, ఉంటర్‌లాండ్‌లో అయితే ముగ్గురు. కాగితం మార్చకుండా కేవలం పేర్లు మార్చినా సరే, దేశమంతటా కలిపి 22 వరుసల్లో ఒక పార్టీ పేరు తీసి రెండో పార్టీ పేరు రాస్తే సరిపోయేది. సీట్లు సమానమైనప్పుడు ఆ ముందంజ దేనికి పనికొచ్చిందంటే, సంకీర్ణంలో పెద్ద పార్టీ అనిపించుకున్నవాళ్లకే ప్రధాని పదవి దక్కుతుంది. డానియెల్ రిష్ అలాగే ప్రధాని అయ్యారు. రెండో పార్టీకి ఉపప్రధాని పదవి వచ్చింది.

మనుషుల లెక్కన ఆశ్చర్యపోవాలంటే అదే దేశంలో 1984 ఉంది. ఆడవాళ్లకు జాతీయ ఎన్నికల్లో ఓటు ఇవ్వాలా వద్దా అని మగవాళ్లను మాత్రమే అడిగారు. 1971లోనూ 1973లోనూ కాదన్న ప్రతిపాదన 1984 జులై 1న 2,370కి 2,251తో గట్టెక్కింది. తేడా 119. రెఫరెండంలో ఒక కాగితం ఒకే ఓటు కాబట్టి అవి నిజంగా 119 మంది మనుషుల ఓట్లే. ఐరోపాలో అంత ఆలస్యంగా ఆడవాళ్లకు ఓటు ఇచ్చిన దేశం మరొకటి లేదు. ఆ దేశానికి మొదటి మహిళా ప్రధాని బ్రిగిట్టె హాస్ 2025 ఏప్రిల్‌లో పదవిలోకి వచ్చారు.

ఆమె వచ్చిన 2025 ఫిబ్రవరి 9 ఎన్నికలో పేట్రియాటిక్ యూనియన్‌కు 10, ప్రోగ్రెసివ్ సిటిజన్స్ పార్టీకి 7, డెమోక్రాట్స్ ఫర్ లిక్టెన్‌స్టయిన్‌కు 6, ఫ్రీ లిస్ట్‌కు 2 సీట్లు వచ్చాయి. నాలుగు పార్టీలూ 8 శాతం గడప దాటాయి. ఈ గడప సంగతి మీ వ్యాసంలో ఒక్క ముక్క లేదు. దేశం మొత్తమ్మీద చెల్లిన ఓట్లలో 8 శాతం రాని పార్టీకి ఏ నియోజకవర్గంలోనూ సీటు ఇవ్వరు. 25లో 8 శాతమంటే రెండు సీట్లు. ఐరోపాలో చాలాచోట్ల ఈ గీత 3 నుంచి 5 శాతం మధ్య ఉంటుంది కాబట్టి ఇది ఎత్తైన గడపే. 2017లో 5 సీట్లున్న ఇండిపెండెంట్స్ పార్టీ చీలిపోయి 2021లో 4 శాతం చిల్లర దగ్గర ఆగి సభ బయట నిలబడింది. దాన్నుంచి విడిపోయినవాళ్లే ఇప్పుడు 6 సీట్ల మీద కూర్చున్నారు.

గడపను కూడా వరుసల్లోనే కొలుస్తారు. 15 సీట్ల ఊరొకటి ఉందనుకోండి, చెల్లిన కాగితాలు 10,000. వరుసలు 1,50,000. అందులో 8 శాతం 12,000 వరుసలు, అంటే 800 నిండు కాగితాలు. కొత్త పార్టీ ఒకటి 700 కాగితాలే సంపాదిస్తే 10,500 దగ్గర ఆగిపోతుంది. కానీ ఆ పార్టీలో ఒకరిద్దరు డాక్టరో మేష్టారో అందరికీ కావాల్సినవాళ్లుంటే, మిగతా పార్టీల కాగితాల మీద జనం వాళ్ల పేర్లు 1,500 వరుసల్లో రాసినా గడప దాటుతుంది. చిన్న పార్టీలు ఊరూరా తెలిసిన ముఖాలను జాబితాలో పెట్టుకోవడం అందుకే.

ఎక్కడ తప్పు జరుగుతుందో కూడా చెప్పాలి. అక్కడ పదిమందిలో తొమ్మిదిమందికి పైగా తపాలా ద్వారానే ఓటేస్తారు. ఆదివారం మధ్యాహ్నం 12 గంటలకు పోలింగ్ ముగిసి, ఆ సాయంత్రానికే ఫలితం వచ్చేస్తుంది. బ్యాలెట్ కాగితం లోపలి కవరులో, ఓటరు కార్డు దాని బయట. సంతకం కార్డు మీద పెట్టాలి, బ్యాలెట్ మీద పెట్టకూడదు. కార్డు మీద సంతకం మరిచిపోతే లోపల ఎంత జాగ్రత్తగా నింపినా వృథా. ఒకే కవరులో రెండు పార్టీల కాగితాలు పెడితే రెండూ చెల్లవు. వేరే పార్టీ మనిషి కావాలనుకున్నవాళ్లు ఆ పేరును తమ కాగితం మీద రాయాలి కానీ ఆ పార్టీ కాగితాన్ని కూడా జతచేయకూడదు. ఇంటిపేరు ఒకటే ఉన్న అభ్యర్థులు ఇద్దరుంటే, ఊరి పేరో వృత్తో రాయకపోతే ఎవరికి జమకట్టాలో తేలదు. అంత చిన్న దేశంలో ఇంటిపేర్లు కలవడం మామూలే.

కోటా సంగతికి వద్దాం. 15, 10 అనే విభజనకు మూలం జనాభా కాదు. లిక్టెన్‌స్టయిన్ రాజవంశం 1699లో షెల్లెన్‌బెర్గ్ జమీనూ 1712లో వాడుజ్ జమీనూ వేర్వేరుగా కొనుక్కుంది. 1719లో రెండూ కలిసి ఒక రాజ్యమయ్యాయి. ఉంటర్‌లాండ్ అంటే పాత షెల్లెన్‌బెర్గ్, ఓబర్‌లాండ్ అంటే పాత వాడుజ్. 1988కి ముందు సభలో 15 మందే ఉన్నప్పుడు 9, 6గా పంచుకున్నారు. 25కు పెంచినప్పుడు అదే 3కి 2 నిష్పత్తి ఉంచి 15, 10 చేశారు. ఐదుగురు సభ్యుల ప్రభుత్వంలో కూడా ఒక్కో ప్రాంతానికి కనీసం ఇద్దరు ఉండాలని రాజ్యాంగంలో రాసుకున్నారు. రెండు పక్కలా మాట్లాడేది ఒకే జర్మన్, ఎక్కువమంది మతమూ ఒకటే. షాన్‌లో ఉండే మనిషి సామాను సర్దుకుని ఎషెన్‌కు మారితే, గ్రామ కార్యాలయంలో చిరునామా మారిన తర్వాత వచ్చే ఎన్నికలో అతను ఉంటర్‌లాండ్ ఓటరు. అతని తాతది ఏ ఊరని ఎవరూ అడగరు. ఇది నేలకు ఇచ్చిన వాటా. భాషకో కులానికో మతానికో ఇచ్చినది కాదు. ఇందులో లోపమూ ఉంది. జనం ఒకవైపు పెరిగి ఇంకోవైపు తగ్గినా 15, 10 కదలవు, మన డీలిమిటేషన్ కమిషన్ లాంటిది అక్కడ లేదు.

పర్లాకిమిడిని చూడండి. 1936 ఏప్రిల్ 1న ఒడిశా ఏర్పడినప్పుడు పర్లాకిమిడి జమీందారీలో కొంత భాగం ఇటు వచ్చింది, కొంత మద్రాసు వైపే ఉండిపోయింది. పాతపట్నం ఇవాళ శ్రీకాకుళం జిల్లాలో ఉంది, మధ్యలో సరిహద్దు ఉన్నా సంత ఒకటే, పెళ్లి సంబంధాలూ ఒకటే. గజపతి, గంజాం, రాయగడ, కోరాపుట్ జిల్లాల్లో తెలుగువాళ్లు ఒక ముద్దగా ఒకేచోట లేరు. కొన్ని వీధుల్లో చిక్కగా, కొన్ని ఊళ్లలో పలచగా ఉన్నారు. ఇలా చెదిరి ఉన్నవాళ్లకు నేల వాటా ఎలా గీస్తారు? గీసినా బయట మిగిలేవాళ్లే ఎక్కువ.

చెదిరిన జనానికి అక్కరకొచ్చేది ఆ దేశపు రెండో పద్ధతి, పేర్లు కొట్టేసి రాసుకునే కాగితం. మళ్లీ అదే 15 సీట్ల ఊరు, 10,000 ఓటర్లు, అందులో తెలుగు మాట్లాడేవాళ్లు 2,000 అనుకుందాం, అన్ని వార్డుల్లోనూ సమానంగా పరచుకుని. వార్డుకొక సభ్యుడు, ఎక్కువ ఓట్లు వచ్చినవాడే గెలుపు అనే మన మునిసిపల్ పద్ధతిలో వీళ్ల సొంత బలంతో ఒక్క సీటూ రాదు. జాబితా పద్ధతిలో ఒక పార్టీకి 4,000 కాగితాలు పడ్డాయనుకోండి, 15లో 6 సీట్లు. సీట్లు ముందు పార్టీకి, ఆ తర్వాత పార్టీ లోపల వ్యక్తిగత ఓట్ల వరుసలో అభ్యర్థులకు. ఆ పార్టీ 15 పేర్లలో ముగ్గురు తెలుగువాళ్లు. ఆ 4,000 మందిలో తెలుగు ఓటర్లు 800 మంది మిగతా 12 పేర్లూ కొట్టేసి వరుసలు ఖాళీగా వదిలితే, ఆ పన్నెండుగురూ 3,200కు దిగుతారు, ముగ్గురూ 4,000 మీద నిలుస్తారు. ఖాళీ వరుసలు పార్టీకే కాబట్టి పార్టీ సీట్లు తగ్గవు. గెలిచే ఆరుగురిలో ముగ్గురు వీళ్లే. కోటా అన్న మాట ఎక్కడా లేకుండా 20 శాతం జనానికి 20 శాతం సీట్లు.

ఈ కత్తికి రెండువైపులా పదునే. మిగిలిన 3,200 మందిలో 900 మంది పంతం పట్టి ఆ మూడు పేర్లనే కొట్టేస్తే ముగ్గురూ 3,100కు జారి ఆరుగురి బయట పడతారు. లిక్టెన్‌స్టయిన్‌లో భాష గొడవ లేదు గనుక కొట్టివేతలు ఊరి అభిమానంతోనో, మనిషి నచ్చకో జరుగుతాయి. పెద్ద ఊళ్ల అభ్యర్థులకు అక్కడ సహజంగానే లాభం. ఐదు వందలకు అటూ ఇటూ జనం ఉన్న ప్లాంకెన్ నుంచి నిలబడే మనిషి పక్క ఊళ్లలో పేరు తెచ్చుకోకపోతే నెగ్గుకురాలేడు.

ఈ కాగితాన్ని రేపే ఇక్కడ పెట్టమని మేము అడగడం లేదు. మన పోలింగ్ కేంద్రంలో వెయ్యి మందికి పైగా క్యూలో నిలబడతారు. యంత్రం మీద ఒక మీట నొక్కి వెళ్లిపోవాలి. నిలబడి 15 పేర్లు చదివి, కొట్టి, రాసే వ్యవధి ఉండదు. అక్కడ అది నడుస్తున్నది ఇంట్లో కూర్చుని తీరిగ్గా నింపే వీలుండబట్టే. మన దగ్గర ఆ కాగితాలను ఇళ్లకు పంపితే ఇంటి యజమానే అందరివీ నింపి కార్డుల మీద సంతకాలు పెట్టించేస్తాడు. ఇంట్లో ఆడవాళ్ల ఓటు రహస్యం పోతుంది. ఆ ప్రమాదం అక్కడ అసలే లేదని కాదు, ఇక్కడ ఎక్కువ.

ఖాళీ అయిన సీటు నింపే తీరు మాత్రం మనవాళ్లు చూడదగ్గది. అక్కడ ఉప ఎన్నిక ఉండదు. సభ్యుడు తప్పుకుంటే అదే జాబితాలో తర్వాతి ఓట్లు వచ్చినవాళ్లు పైకి వస్తారు. ఒక్కో నియోజకవర్గంలో ముగ్గురు సభ్యులకు ఒకరి చొప్పున, ఒక్క సభ్యుడున్న పార్టీకి కూడా కనీసం ఒకరు, ప్రత్యామ్నాయ సభ్యులుంటారు. జ్వరం వచ్చి సభ్యుడు రాకపోతే ఆ రోజుకు వీళ్లు కూర్చుని ఓటేస్తారు. 25 మంది సభలో ఒక్కరు లేకపోయినా తీర్మానం తలకిందులవుతుంది కాబట్టి ఈ ఏర్పాటు.

ఇక్కడ ఇప్పుడున్న చట్టాలతోనే చేయగలిగినవి ఉన్నాయి. ఒక నియోజకవర్గంలో గానీ దాని భాగంలో గానీ ఒక అల్పసంఖ్యాక భాష ఓటర్లు 20 శాతం లేదా అంతకంటే ఎక్కువ ఉంటే ఓటర్ల జాబితాను ఆ భాషలోనూ అచ్చు వేయాలని ఎన్నికల సంఘం నియమం. మీ పత్రిక కోటా మాట పక్కనపెట్టి, సరిహద్దు నియోజకవర్గాల్లో ఏయే పోలింగ్ కేంద్రాలు ఈ లెక్కకు వస్తాయో విలేకరులతో తేల్పించి రాస్తే చాలామందికి ఉపయోగం. పేరు ఒడియా లిపిలో ఒకలా, ఆధార్‌లో ఇంకోలా ఉండి పోలింగ్ రోజున వెనక్కి తిరిగేవాళ్లు ప్రతిసారీ కనిపిస్తారు. వార్డుల సరిహద్దులు మార్చేటప్పుడు ముసాయిదా వేసి అభ్యంతరాలు పిలుస్తారు. ఒక వీధి ఏ వార్డులో పడుతుందన్నది ఆ గడువులోనే తేలిపోతుంది. తెలుగువాళ్లు నోరు విప్పాల్సింది అప్పుడు. వార్డులు ఖరారై నామినేషన్లు మొదలయ్యాక ఎంత అరిచినా గీత మారదు.

నివాసం విషయంలోనూ ఆ దేశం తీరు ఉపయోగపడుతుంది. అక్కడ ఉద్యోగాల్లో సగానికి పైగా రోజూ సరిహద్దు దాటి వచ్చేవాళ్లవే, ఆస్ట్రియా నుంచీ స్విట్జర్లాండ్ నుంచీ. పని ఎక్కడ చేసినా ఓటు నివాసమున్న దేశంలోనే. లిక్టెన్‌స్టయిన్ పౌరుడైనా ఎన్నికకు నెల ముందు నుంచి దేశంలో నివాసం లేకపోతే ఓటు లేదు. మన చట్టంలోనూ 1950 ప్రజాప్రాతినిధ్య చట్టం 17, 18 సెక్షన్ల ప్రకారం ఒక మనిషి పేరు ఒకే నియోజకవర్గంలో, ఒకేసారి ఉండాలి. కాగితం మీద ఇంతే సూటిగా ఉన్నా, ఆంధ్రా ఒడిశా రెండూ తమవేనంటున్న కోరాపుట్ జిల్లా పొట్టంగి బ్లాకు కొటియా గ్రామాల్లో రెండు రాష్ట్రాల ఓటరు కార్డులూ ఉన్నవాళ్లున్నారు. 2021 ఫిబ్రవరిలో ఆంధ్ర అక్కడ పంచాయతీ ఎన్నికలు పెడితే ఒడిశా సుప్రీంకోర్టుకు వెళ్లింది. 2024 మే 13న ఆంధ్ర వైపు సాలూరుకూ ఒడిశా వైపు పొట్టంగికీ ఒకే రోజు పోలింగ్ పడింది. ఆ గ్రామాల సంగతి కోర్టూ ప్రభుత్వాలూ తేల్చాలి. పాతపట్నం నుంచి పర్లాకిమిడికి కోడలిగా వచ్చినవాళ్లకూ, పని కోసం ఇచ్ఛాపురం నుంచి బరంపురం మారినవాళ్లకూ ఆ అవస్థ లేదు. ఫారం 8 నింపి, కొత్త చిరునామాకు రుజువు జతచేసి బూత్ స్థాయి అధికారికి ఇస్తే పాత చోట పేరు తీసి కొత్త చోట చేరుస్తారు. కొత్త ఓటరులా ఫారం 6 నింపితే పాత పేరు అక్కడే ఉండిపోయి, రెండు చోట్లా పేరుందన్న నోటీసు తర్వాత ఇంటికొస్తుంది.

ఇట్లు,
కొందరు పాఠకులు,
పర్లాకిమిడి, గజపతి జిల్లా, ఒడిశా